కరణ్, నైరా, పాలకొండ రోడ్డు బస్సు

ప్రశ్న: మేడమ్, నేను శ్రీకాకుళంలో డిగ్రీ సెకండియర్. మాది పాలకొండ రోడ్డులో ఒక పల్లె. మా ఊరి అబ్బాయి, ఆమదాలవలస అబ్బాయి, నేను ఇంటర్ నుంచి ఒకే జట్టు. ‘కాలేజ్ రొమాన్స్’ అనే హిందీ వెబ్ సిరీస్ చూశాక, అందులోని ముగ్గురు స్నేహితుల్లా కరణ్, ట్రిప్పీ, నైరా అని మాకు మేమే పేర్లు పెట్టుకున్నాం. మా ఊరి అబ్బాయే కరణ్. దసరా సెలవులకు ముందు మేమిద్దరం ఏడు రోడ్ల జంక్షన్లో బజ్జీలు తింటుంటే మా చిన్నాన్న చూశారు. ఏమీ అనలేదు. సెలవులయ్యాక నాకు ఒక సీనియర్ పరిచయమయ్యాడు, అతనంటే ఇష్టం. అప్పటినుంచి మా కరణ్ నాతో మాట్లాడడం లేదు. బస్సులో వెనక సీటుకి వెళ్లిపోతున్నాడు. నన్ను ప్రేమిస్తున్నాడేమోనని టెన్షన్‌గా ఉంది. అబ్బాయిలతో స్నేహం సిరీసుల్లోనేనా? ఇంకొకటి, అందులో బూతులు విని అమ్మ “ఏటే ఆ మాటలు?” అని కోప్పడింది. కోర్టు దాన్ని నిషేధించిందని ఎవరో చెప్పారట. నిజమా?
– పేరు వద్దు, శ్రీకాకుళం జిల్లా

జవాబు: అమ్మ సంగతి ముందు తేల్చేద్దాం. నిషేధం కాదు. మొదటి సీజన్ ఐదో ఎపిసోడ్‌లోని మాటల మీద కేసు నడిచింది. ఎఫ్‌ఐఆర్ పెట్టాల్సిందేనని 2023 మార్చిలో ఢిల్లీ హైకోర్టు అంది. చుట్టూ ఉన్నవాళ్లకు వినపడకుండా ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని చూడాల్సి వచ్చిందని జడ్జి గారే తీర్పులో రాశారు. ఏడాది తిరిగాక, 2024 మార్చిలో, సుప్రీంకోర్టు ఆ కేసు కొట్టేసింది. బూతులు అసహ్యంగా ఉండొచ్చు గానీ, అంతమాత్రాన చట్టం చెప్పే అశ్లీలం కావంది. ఇది అమ్మకు చెప్పు. చెప్పినా ఆవిడకు నచ్చవనుకో. నాకూ నచ్చలేదు. ట్రిప్పీగా వేసిన మంజోత్ సింగ్ ముఖం చూస్తేనే నవ్వొస్తుంది, మాటకో తిట్టెందుకు?

ఇక నీ కరణ్. నాకు సీనియర్ కంటే మీ చిన్నాన్న మీదే అనుమానం. ‘ఏమీ అనలేదు’ అని రాశావు. నిన్ను అనలేదు. ఆ గుంటడి ఇంటికెళ్లి, వాళ్ల నాన్నతో అని ఉంటే? ఆమదాలవలస అబ్బాయి ఎలా ఉన్నాడో రాయలేదు. అతను మామూలుగానే ఉంటే నా అనుమానం సగం నిజమే, ఎందుకంటే అతనిది మీ ఊరు కాదు.

2018లో టీవీఎఫ్ అనే వెబ్ సిరీసుల సంస్థ వాళ్లు మొదలుపెట్టిన ఆ కథ ఢిల్లీ కాలేజీలో నడుస్తుంది. వాళ్ల గొడవలు వాళ్లలోనే పుట్టి వాళ్లలోనే తీరిపోతాయి. నైరా ఎవరితో తిరిగిందో చూసి ఊళ్లో చెప్పే చిన్నాన్న ఉండడు, ఆఖరి బస్సు తప్పిపోతుందన్న భయం ఉండదు. నువ్వేమో రోజూ సగం ఊరిని వెంటబెట్టుకుని కాలేజీకి వెళ్లొస్తున్నావు. అబ్బాయిలతో స్నేహం ఇక్కడా ఉంటుందమ్మా, నీకు ఇంటర్ నుంచి ఉంది కదా!

బస్సులో మాత్రం అడగకు. మెసేజ్ కూడా వద్దు, ఇలాంటివి స్క్రీన్‌షాట్లై తిరుగుతాయి. మధ్యాహ్నం క్యారేజీలు విప్పేటప్పుడు, రెండోవాడు పక్కన ఉండగానే, “చిన్నాన్న ఏమైనా అన్నారా?” అని అడుగు. “నన్ను ప్రేమిస్తున్నావా?” అని మొదలుపెట్టావో, లేనిది కూడా ఉందనిపిస్తుంది వాడికి. చిన్నాన్నే కారణమైతే అమ్మతో చెప్పి ఆయనతో మాట్లాడించు, ఆ మాట పడాల్సింది ఆ అబ్బాయి కాదు. లేదు, ప్రేమే అన్నాడా, నీ మనసులో సీనియర్ ఉన్నాడని అప్పుడే చెప్పెయ్. కొన్నాళ్లు వెనక సీట్లోనే కూర్చుంటాడు. కూర్చోనీ. సీనియర్ గురించి నువ్వేమీ అడగలేదు, నేనూ చెప్పను.

ప్రశ్న: ఇంటర్ చదివే మా అబ్బాయితో కలిసి చూడగలిగే సిరీస్ ఏదైనా చెప్పండి.
– ఒక తల్లి, బొబ్బిలి

జవాబు: 2024 జనవరిలో ఈటీవీ విన్‌లో వచ్చిన ‘నైంటీస్: ఎ మిడిల్ క్లాస్ బయోపిక్’ చూడండి. కాలేజీ కాదు, స్కూలు పిల్లల కథ. తండ్రి లెక్కల మాస్టారు, శివాజీ వేశారు. ఐఐటీ కోచింగ్ మీద ఆసక్తి ఉంటే ‘కోటా ఫ్యాక్టరీ’ ఉంది. హిందీ, నలుపు తెలుపు. అక్కడక్కడా తిట్లు వస్తాయి, ముందు మీరొక్కరే చూడండి.