పొగ పట్టలేకే కరెంటు తెచ్చుకున్నారు

మొన్నటి సంచికలో ఒక పాత ఆవిరి ఇంజను ఫొటో వేసి, 1900 నుంచి 1930ల దాకా దేశదేశాల్లో రైళ్లు ఎలా మారాయో తెలుసుకోవాలనుంటే అడగండి అన్నాం. అడగమన్నదే పాపం, సంచీ నిండిపోయింది. వచ్చినవాటిలో ఐదు ప్రశ్నలకు ఈసారి జవాబులు. మిగతావాళ్లు కాస్త ఓపిక పట్టండి.

ప్రశ్న: మనవణ్ని తీసుకుని అమీర్‌పేటలో మెట్రో ఎక్కుతూ "మా చిన్నప్పుడు కరెంటు రైళ్లెక్కడివిరా, అన్నీ బొగ్గు బండ్లే" అన్నాను. వాడు ఫోన్లో చూసి "నానమ్మా, అవి వందేళ్ల కిందటే ఉన్నాయట" అంటున్నాడు. ఎవరి మాట నిజం? (మల్కాజిగిరి పాఠకురాలు)

ఇద్దరిదీ నిజమేనమ్మా. మీరు ఎక్కినవి బొగ్గు బండ్లే, కానీ అప్పటికే వేరే ఊళ్లలో కరెంటు బండ్లు ముసలివైపోతున్నాయి. బెర్లిన్‌లో ఒక ఎగ్జిబిషన్‌లో సీమెన్స్ కంపెనీ చిన్న కరెంటు రైలు నడిపి చూపించింది 1879లో. పారిస్ మెట్రో 1900లో మొదలైంది, బెర్లిన్‌ది 1902లో, న్యూయార్క్ సబ్‌వే 1904లో, బ్యూనస్ ఐరిస్‌ది 1913లో, టోక్యోది 1927లో. మన మెట్రో 2017 నవంబరులో వచ్చింది కాబట్టి మీ మనవడు కాస్త గొప్పలు పోయినా పోనివ్వండి.

అసలు కరెంటు ఎందుకు పెట్టారన్నదే నాకు ఇందులో ఆసక్తి. స్పీడు కోసం అనుకుంటాం. నన్నడిగితే పొగ వల్ల. ఆవిరి బండిలో కిటికీ పక్కన కూర్చున్నవాళ్లకు ఇది చెప్పక్కర్లేదు. చిన్నప్పుడు నేను తల బయట పెట్టడం, కంట్లో బొగ్గు నలుసు పడటం, మా అమ్మ తిడుతూనే కొంగు చివర ముడిలా చుట్టి, నోటి ఆవిరితో వెచ్చచేసి కంటికి అద్దడం, ప్రతి ప్రయాణంలోనూ ఇదే తంతు. అది బయలు ప్రదేశంలో సంగతి. అదే పొగ సొరంగంలో నిండితే?

న్యూయార్క్‌లో అదే జరిగింది. ఊరి నడిబొడ్డున ఉన్న స్టేషన్‌కు వెళ్లే రైళ్లన్నీ పార్క్ అవెన్యూ కింద సొరంగంలోంచి పోయేవి. 1902 జనవరి 8న పొద్దున, ఆఫీసులకు వెళ్లే వేళ, ఒక బండి సొరంగంలో సిగ్నల్ కోసం ఆగి ఉంది. వెనక నుంచి వస్తున్న బండి డ్రైవర్ ఆ పొగలో ఎర్ర సిగ్నల్ దాటేసి వచ్చి, ఆగి ఉన్న బండి ఆఖరి పెట్టెలో దూసుకుపోయాడు. పదిహేను మంది పోయారు. ఊరంతా గగ్గోలు. మరుసటి ఏడాదే చట్టం చేశారు: 1908 జూలై నుంచి మన్‌హట్టన్‌లో ఆవిరి ఇంజను కనిపించకూడదు. రైల్వే కంపెనీ చీఫ్ ఇంజనీరు విలియం విల్గస్ అక్కడే తెలివి చూపించాడు. పొగే లేనప్పుడు పట్టాలు ఆకాశం కింద ఉండాల్సిన పనేముంది? రెండంతస్తుల్లో భూమి కిందే వేసేసి, పైన ఖాళీ అయిన జాగాలో బిల్డింగులు కట్టుకునే హక్కు అమ్ముకుంటే కరెంటు ఖర్చుకు ఆదాయం దొరుకుతుంది కదా అన్నాడు. 1913 ఫిబ్రవరిలో తెరిచిన గ్రాండ్ సెంట్రల్ స్టేషన్ ఆ లెక్కలోంచి పుట్టిందే. ఎకరం కోట్లు పలికే మన ఊళ్లో ఈ కిటుకు ఇంకెవరికీ చెప్పనక్కర్లేదు.

స్విట్జర్లాండ్‌ది ఇంకో బాధ. దాదాపు 20 కిలోమీటర్ల సింప్లాన్ సొరంగాన్ని 1906లో తెరిచినప్పుడే కరెంటు పెట్టారు, అంత పొడుగు గొట్టంలో పొగబండి నడిపితే జనం ఉక్కిరిబిక్కిరి అయిపోతారు. ఆ తర్వాత మొదటి ప్రపంచ యుద్ధంలో బయటి నుంచి వచ్చే బొగ్గు అందక అల్లాడారు. కొండల మీంచి నీళ్లు ఊరికే పోతున్నాయి, బొగ్గేమో పరాయి దేశానిది. దాంతో యుద్ధం అయిపోగానే గోథార్డ్ లైనుకు జలవిద్యుత్తు పెట్టుకున్నారు.

స్పీడు సంగతి కూడా చెప్పేస్తాను, లేకపోతే మీ మనవడు ఊరుకోడు. బెర్లిన్ దగ్గర జోసెన్ లైను మీద 1903 అక్టోబరులో ఒక కరెంటు బండి గంటకు 210 కిలోమీటర్లు కొట్టింది. మన వందే భారత్ ఇప్పటికీ 160 దగ్గరే ఆగుతోంది. అయితే ఆ బెర్లిన్ బండికి పట్టాల పక్కన ఒకదాని పైన ఒకటిగా మూడు తీగలు కావాలి, జంక్షన్లూ క్రాసింగులూ ఉన్న మామూలు లైను మీద అది కుదిరే పని కాదు. అందుకే రికార్డు కాగితం మీద మిగిలింది, బండి మూలన పడింది.

మన దేశంలో మొదటి కరెంటు రైలు 1925 ఫిబ్రవరి 3న బొంబాయి వీటీ నుంచి కుర్లాకు నడిచింది. సికింద్రాబాద్ వైపు తీగలు రావడానికి ఇంకా దశాబ్దాలు పట్టింది కాబట్టి, మీ చిన్నతనపు సాక్ష్యం చెల్లుతుంది.

ప్రశ్న: కాచిగూడ నుంచి మన్మాడ్ వెళ్లే బండిని మా నాన్నగారు "చిన్న బండి" అనేవారు. ఒకే ఊళ్లో పెద్ద బండి, చిన్న బండి అని రెండు రకాలు ఎందుకు పెట్టారు? (బర్కత్‌పురా పాఠకుడు)

డబ్బు మిగులుతుందని. పెద్ద బండి పట్టాల మధ్య దూరం 1,676 మిల్లీమీటర్లు, చిన్న బండికి సరిగ్గా ఒక మీటరు. మీటర్ గేజ్ అయితే మట్టికట్ట సన్నగా వేసుకోవచ్చు, వంతెనలు తేలిగ్గా కట్టుకోవచ్చు, మలుపులు బిగువుగా తిప్పుకోవచ్చు. 1874లో వాడి జంక్షన్ నుంచి సికింద్రాబాద్‌కు వచ్చింది పెద్ద లైను. తర్వాత నిజామాబాద్, నాందేడ్, పర్భణీ, జాల్నా, ఔరంగాబాద్ మీదుగా మన్మాడ్‌కు వేసిన గోదావరి వ్యాలీ లైను మాత్రం మీటర్ గేజ్, 1901కల్లా పూర్తయింది. మీరు చెప్పే కాచిగూడ స్టేషన్ భవనం 1916ది.

కట్టేటప్పుడు మిగిలిన డబ్బు నడిపేటప్పుడు పోయింది, అదీ అసలు కథ. మరాఠ్వాడా పత్తి బొంబాయి చేరాలంటే మన్మాడ్‌లో బేళ్లన్నీ చిన్న వ్యాగన్లోంచి దింపి, పెద్ద వ్యాగన్లోకి ఎక్కించాలి. హమాలీ ఖర్చు, ఆలస్యం, వానొస్తే సరుకు తడవడం. ఇది మన తెలివితక్కువ మాత్రమే అనుకోకండి. ఆస్ట్రేలియావాళ్లు 1917లో ఎడారికి అడ్డంగా పోర్ట్ అగస్టా నుంచి కాల్గూర్లీకి ఘనంగా లైను వేశారు, అందులో మలుపన్నదే లేకుండా 478 కిలోమీటర్లు నేరుగా పోతుంది. తీరా చూస్తే ఆ లైనుకు రెండు చివర్లా వేరే గేజ్! ఎడారి దాటిన పెద్దమనుషులు రెండు వైపులా సామాను మోసుకుని బండి మారాల్సి వచ్చేది. మనవాళ్లు 1992లో అంతా ఒకే గేజ్ అని నడుం కట్టాక, కాచిగూడ చిన్న బండి కూడా మెల్లగా పోయింది.

ప్రశ్న: రష్యాలో గడ్డకట్టిన సరస్సు మీద పట్టాలు వేసి రైలు నడిపారని మా ఫ్యామిలీ గ్రూపులో వచ్చింది. నిజమా, వాట్సాప్ చరిత్రా? (దిల్‌సుఖ్‌నగర్ పాఠకుడు)

నిజం. ఈ ఒక్కసారికి మీ గ్రూపును నమ్మండి.

సైబీరియా అడ్డంగా రైలు మార్గం పని 1891లో మొదలైంది. మధ్యలో బైకాల్ సరస్సు అడ్డం పడింది. దాని దక్షిణపు ఒడ్డంతా నిట్టనిలువు రాతికొండలు, అక్కడ సొరంగాలు తొలవడానికి ఏళ్లు పడతాయి. అప్పటిదాకా ఏం చేయాలి? ఇంగ్లాండ్‌లో న్యూకాసిల్‌లో మంచును పగలగొట్టుకుంటూ పోయే పెద్ద నావ ఒకటి చేయించి, దాన్ని ముక్కలు ముక్కలుగా విప్పి తెచ్చి సరస్సు ఒడ్డున మళ్లీ బిగించుకున్నారు. రైలు పెట్టెలు అమాంతం ఆ నావలోకి ఎక్కేవి. ఏర్పాటు బానే ఉంది కానీ 1904 ఫిబ్రవరిలో జపాన్‌తో యుద్ధం వచ్చిపడింది. సరిగ్గా నడి చలికాలం, మంచు ఎంత మందంగా పేరుకుందంటే దాన్ని పగలగొట్టడానికే చేసిన ఆ నావ కూడా కదల్లేని పరిస్థితి. అవతలేమో సైన్యానికి సరుకు అందాలి.

దాంతో పొడవాటి దుంగలు పరిచి మంచు మీదే పట్టాలు వేసేశారు. ఇంజను బరువుకు మంచు ఆగదు, అందుకని వ్యాగన్లను గుర్రాలతో లాగించారు. ఇంజన్లను విప్పి భాగాలుగా దాటించి అవతలి ఒడ్డున మళ్లీ బిగించారు. సైనికుల్లో చాలామంది నడిచే దాటారు. ఆ ఏడాది చివరికి ఒడ్డు వెంట లైను సిద్ధమైంది. కాబట్టి గ్రూపులో మెసేజ్ నిజమే, దాంతో పాటు మంచు మీద పొగలు కక్కుతూ ఇంజను దూసుకుపోయే బొమ్మ కూడా వచ్చి ఉంటే అది మాత్రం ఎవరో వండింది.

ప్రశ్న: లాలాగూడ వర్క్‌షాప్‌లో పనిచేసిన మా తాతగారు "ఇంజనుకు తడి ఆవిరి కాదురా, ఎండు ఆవిరి కావాలి" అనేవారట. ఆవిరిలో తడీ ఎండూ ఏంటి? (తార్నాక పాఠకురాలు)

పొద్దున ఇడ్లీ పాత్ర మూత తీసినప్పుడు మూత లోపలివైపు చూడండి, నీళ్లు కారుతుంటాయి. అది తడి ఆవిరి. కాస్త చల్లటి ఇనుము తగిలితే చాలు, నీళ్లైపోతుంది. పాత ఇంజను సిలిండర్‌లోనూ అదే జరిగేది, బొగ్గు కాల్చి చేసిన ఆవిరిలో కొంత పిస్టన్‌ను తోయకముందే నీరై దండగ అయ్యేది. విల్‌హెల్మ్ ష్మిట్ అనే జర్మన్ ఇంజనీరు ఏం చేశాడంటే, బాయిలర్లో తయారైన ఆవిరిని నేరుగా సిలిండర్‌కు పంపకుండా, వేడి పొగ పోయే గొట్టాల్లోపల సన్నగొట్టాలు పెట్టి వాటిలోంచి ఇంకో చుట్టు తిప్పాడు. ఆవిరి 300 డిగ్రీలు దాటి కాగుతుంది, ఒక పట్టాన నీరవదు. మీ తాతగారి "ఎండు ఆవిరి" ఇదే. అసలు పేరు సూపర్‌హీటర్. 1898లో ప్రష్యా రైల్వేలో మొదలుపెట్టారు, ఆ వేడికి పాత కందెన నూనెలు మాడిపోవడం లాంటి తలనొప్పులన్నీ తీరాక ప్రపంచమంతా అందుకుంది. బొగ్గులో ఇంచుమించు పావు వంతు మిగిలే చోట ఎవరు మాత్రం వద్దంటారు! ఆవిరి ఇంజను ఇంకో యాభై ఏళ్లు బతికిందంటే చాలావరకు ఈ గొట్టాల పుణ్యమే. 1938లో ఇంగ్లాండ్‌లో మల్లార్డ్ అనే ఇంజను గంటకు 203 కిలోమీటర్లు పోయింది, అదీ సూపర్‌హీటర్ ఉన్నదే.

డీజిల్ గురించి కూడా అడిగారు. 1912లో స్విట్జర్లాండ్‌లో ఒక డీజిల్ ఇంజనుకు ట్రయల్ వేశారు, పనికి రాలేదు. గట్టిగా నిలబడింది అమెరికాలో, 1925లో, 300 హార్స్‌పవర్ ఉన్న చిన్న షంటింగ్ ఇంజను, అంటే యార్డులో పెట్టెల్ని అటూ ఇటూ జరిపేది. అది ఎక్కడ పనికి కుదిరిందో తెలుసా? మళ్లీ న్యూయార్క్‌లోనే. 1923లో అక్కడ పొగ బండ్ల మీద ఇంకో చట్టం తెచ్చారు, ప్రతి యార్డుకూ కరెంటు తీగలు లాగే స్తోమత కంపెనీలకు లేదు.

ప్రశ్న: మా ముత్తాతగారి 1903 డైరీలో రైలు వేళల పక్కన "మ.టై." అని ఉంది. మధ్యాహ్నం అనుకుందామంటే పొద్దుటి బండికీ అదే రాశారు. (చిక్కడపల్లి పాఠకుడు)

మద్రాసు టైమ్ అయి ఉంటుందండీ. దేశమంతటికీ ఒకే టైమ్ 1906 జనవరి 1న వచ్చింది. అంతకుముందు ఏ ఊరి పొద్దు ఆ ఊరిదే, రైళ్లు మాత్రం మద్రాసు గడియారం చూసుకుని నడిచేవి. సూర్యుడు మద్రాసు నెత్తి మీంచి హైదరాబాద్ నెత్తి మీదకు రావడానికి 7 నిమిషాలు పడుతుంది, కాబట్టి ఊరి టైమ్ చూసుకుని తీరిగ్గా బయల్దేరినవాళ్లకు బండి తోక కనిపించేది. మీ ముత్తాతగారు జాగ్రత్తగల మనిషి, అందుకే రాసిపెట్టుకున్నారు. మద్రాసు టైమ్ ఇప్పటి మన టైమ్ కంటే దాదాపు 9 నిమిషాలు వెనక. డైరీలో 7:40 అని ఉంటే 7:49 అని చదువుకోండి.