వంటింటి ఉత్తరాలు: కాఫీ పొడి వాసన ఎందుకు పోతుంది?

పోయిన నెల ఊరగాయ జాడీల గురించి రాస్తూ, అమలాపురంలో మా ఇంటాయనా నేనూ 26 ఏళ్లు కాఫీ గింజలు వేయించి, మర పట్టి అమ్మామని ఒక మాట అన్నాను. దాంతో ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో సగం కాఫీ పొడి మీదే ఉన్నాయి. అందుకే ఈసారి శీర్షిక మొత్తం కాఫీకే.

ప్రశ్న: పిన్నిగారూ, మేం ఇంట్లో ఇద్దరమే. నెలకోసారి టౌనుకెళ్లి అర కిలో ఫిల్టర్ కాఫీ పొడి తెచ్చుకుంటాం. మొదటి వారం ఇల్లంతా ఘుమఘుమ. మూడో వారానికి వాసన ఉండదు, పొడి ఉండలు కడుతుంది, కాఫీ గడ్డి నీళ్లలా ఉంటుంది. ఫ్రిజ్‌లో పెట్టమని మా వదిన, వద్దని మా అమ్మ. ఏం చెయ్యమంటారు? – ఒక సోదరి, రాజోలు

జవాబు: ముందు అర కిలో కొనడం మానెయ్యండి అమ్మా. ఇద్దరు రెండు పూటలా తాగితే రోజుకు 20, 25 గ్రాముల పొడి పడుతుంది. అంటే మీ అర కిలో మూడు వారాలు నడుస్తోంది. మర పట్టిన పొడికి అంత ఆయుష్షు లేదు. బాగా దాచుకుంటే పది రోజులు, మహా అయితే రెండు వారాలు.

మా కొట్టు ముందు నుంచి వెళ్లేవాళ్లు ఆగి, "అబ్బ, ఏం వాసనండీ" అనేవారు. విన్నప్పుడల్లా సంతోషంగానే ఉండేది. కానీ వీధిలోకి వచ్చిన ఆ వాసనంతా పొడిలోంచి పోయినదే కదా! గింజ వేయించేటప్పుడు దాని లోపల కార్బన్ డయాక్సైడ్ పుడుతుంది. గింజ గింజలా ఉన్నంతకాలం అది రోజుల తరబడి మెల్లగా బయటికొస్తూ, గాలిని త్వరగా లోపలికి రానివ్వదు. మరలో పడగానే చాలావరకు అప్పటికప్పుడే పోతుంది. ఇక గాలి ప్రతి రేణువుకూ తగులుతుంది. గింజలో ఉండే నూనె ఆ గాలికి పాడై, పాత నూనె వాసన కొడుతుంది.

దీనికి తోడు మన తేమ. ఎండాకాలంలో కాస్త నయం గానీ, వానలు మొదలైన దగ్గర్నుంచి మన గోదావరి లంకల్లో, కాలవ గట్టు ఊళ్లలో గాలి నిండా నీళ్లే. ఆత్రేయపురం పూతరేకుని పళ్లెంలో వదిలేస్తే సాయంత్రానికి ఎలా మెత్తబడుతుందో మీకు చెప్పక్కర్లేదు. కాఫీ పొడీ అంతే. చికోరీ (కాఫీ పొడిలో కలిపే, ఒక మొక్క వేరును వేయించి కొట్టిన పొడి) కలిస్తే మరీను, అది తేమను ఇంకా గట్టిగా పట్టుకుంటుంది. మీ పొడి ఉండలు కట్టడానికి సగం కారణం అదే అయ్యుంటుంది. చికోరీ ఎంత శాతమో పొట్లం మీద రాసి ఉంటుంది, చూడండి. చికోరీ కలిపిన పొడిలో కాఫీ 51 శాతానికి తగ్గకూడదని నిబంధన. వానాకాలం నాలుగు నెలలూ చికోరీ తక్కువున్న రకం వాడి చూడండి, తేడా మీకే తెలుస్తుంది.

టౌనుకి నెలకోసారే వెళ్తామంటారా? అప్పుడు కొట్టతన్ని పావు కిలో పొడి, పావు కిలో గింజలు ఇమ్మనండి. గింజలు తర్వాత మిక్సీలో పట్టుకోవచ్చు, ఆ సంగతి కింద రాశాను. పొడిని మాత్రం ఇంటికి రాగానే రెండు డబ్బాల్లో సర్దండి. చిన్నది రోజువారీకి. రెండోది మూతి దాకా నింపి, గట్టిగా మూసి, చిన్నది ఖాళీ అయ్యేదాకా ముట్టుకోకండి. సగం ఖాళీగా ఉన్న పెద్ద డబ్బాలో పొడి కంటే గాలి ఎక్కువ. మూత తీసిన ప్రతిసారీ కొత్త గాలి, కొత్త తేమ. పూటపూటా తీసేది చిన్న డబ్బా అయితే, చెడేది ఆ కాస్త పొడే.

డబ్బా స్టీలుదైతే మంచిది, మూత బిగుతుగా పట్టాలి. గాజు సీసా అయితే వెలుతురు తగలకుండా అలమరలో పెట్టండి. చాలా ఇళ్లలో కాఫీ డబ్బా స్టవ్ పైనున్న అరలో ఉంటుంది, చేతికి అందుతుందని. అన్నం ఆవిరీ పోపు వేడీ రెండూ అక్కడికే పోతాయి. దాన్ని అక్కడి నుంచి తియ్యండి. ఇంగువ పక్కన, ఎండుచేపల పక్కన కూడా వద్దు. కాఫీ పొడి ఏ వాసన తగిలినా పీల్చేసుకుంటుంది.

ఇంకో సంగతి. ఒకసారి మా వీధిలో ఒక టీచరుగారు కోపంగా కొట్టుకొచ్చారు. "నిన్న తీసుకెళ్లిన పొడి ఇవాళే కంపు కొడుతోందండీ" అని డబ్బా బల్ల మీద పెట్టారు. పొడి తీసి చూస్తే బాగానే ఉంది. డబ్బా లోపలి అంచు వెంట వేలు పెట్టి రాశాను. వేలికి నల్లగా, జిడ్డుగా, కాటుకలా అంటుకుంది. ఎన్నాళ్లదో పాత పొడి నూనె. ఆవిడ ఖాళీ అయినప్పుడల్లా దాని మీదే కొత్త పొడి పోస్తున్నారు. అక్కడే వేడినీళ్లూ సబ్బూ పెట్టి తోమి, గుడ్డతో తుడిచి, ఎండలో పెట్టి, చల్లారాక మళ్లీ వంద గ్రాములు పోసి ఇచ్చాను. మర్నాడు ఆవిడే వచ్చి బాగుందని చెప్పి వెళ్లారు. మీరు కూడా డబ్బా ఖాళీ అయిన ప్రతిసారీ కడిగి, పూర్తిగా ఆరాకే నింపండి.

ఫ్రిజ్ విషయంలో మీ అమ్మగారి మాటే నాది. ఫ్రిజ్‌లోంచి మంచినీళ్ల సీసా తీసి బల్ల మీద పెడితే, రెండు నిమిషాల్లో ఒళ్లంతా చెమట పట్టినట్టు నీటి బొట్లు వస్తాయి కదా. చల్లటి డబ్బా మూత తీసినప్పుడు అవే బొట్లు పొడి మీద పడతాయి, కంటికి కనబడవంతే. రోజుకు రెండుసార్లు తీసి పెట్టే డబ్బాకు ఫ్రిజ్ అస్సలు పనికిరాదు.

పొడి తాజాదో కాదో తెలుసుకోవాలంటే ఫిల్టర్‌లో వేసి, మరిగిన నీళ్లు కొద్దిగా పోసి చూస్తూ ఉండండి. తాజా పొడి ఉబ్బుతుంది, చిన్న చిన్న బుడగలొచ్చి పైకి పొంగుతుంది. పాత పొడి బురదలా అలాగే కూర్చుంటుంది.

ప్రశ్న: మా అబ్బాయి బెంగుళూరు నుంచి వేయించిన గింజలు కిలో పంపాడు. సంచి మీద బొత్తాంలాంటిది, దానికి చిన్న చిల్లులు ఉన్నాయి. అందులోంచి గాలి పోతుందేమో అని ప్లాస్టరు అంటించాను. ఇంత గింజ ఎలా దాచాలి? – ఒక పాఠకుడు, భీమవరం

జవాబు: ముందు ఆ ప్లాస్టరు తీసెయ్యండి బాబూ. అది వాల్వు. గింజలోంచి వచ్చే గ్యాసు దాంట్లోంచి బయటికి పోతుంది, బయటి గాలి లోపలికి రాదు. అది మూస్తే సంచి ఉబ్బిపోతుంది.

వేయించిన తేదీ నుంచి మూడు, నాలుగు వారాలు గింజలు బాగుంటాయి. ఆలోపు తాగగలిగినంత, పావు కిలో అనుకోండి, బయట ఉంచుకోండి. మిగతాది డీప్ ఫ్రీజర్‌లో పెట్టొచ్చు. ఫ్రిజ్ వద్దన్నాను కదా అంటారేమో. రోజూ తీసి పెట్టే డబ్బాకు వద్దన్నాను. ఫ్రీజర్‌లో పెట్టేది వారానికి సరిపడా చిన్న పొట్లాలు, గాలి పూర్తిగా నొక్కేసి, గట్టిగా మూసినవి. రాత్రి ఒక పొట్లం తీసి, విప్పకుండా గట్టు మీద ఉంచండి. తెల్లారి చల్లదనం పోయాక విప్పండి. విప్పింది మళ్లీ ఫ్రీజర్‌లో పెట్టకండి. ఇలా చేస్తే రెండు నెలలు ఢోకా లేదు.

గింజల బలం నేను 1996 నవంబరు తుపానులో చూశాను. మా కోనసీమలో కొబ్బరి చెట్లు వరసలు వరసలుగా పడిపోయి, రోజుల తరబడి కరెంటు లేదు. మర తిరగలేదు. కొట్టులో పొడి మూత పెట్టింది పెట్టినట్టే ముద్దయింది. అరకు నుంచి వచ్చిన గింజలు వేయించినవి ఒక రేకు డబ్బాలో ఉన్నాయి. వాటికేమీ కాలేదు. నాలుగో రోజు మా అత్తగారు చిన్న రోట్లో గుప్పెడు దంచి, పల్చటి గుడ్డలో వడకట్టి, పాలు లేక బెల్లంతో ఇచ్చారు. పక్కింటివాళ్లు కూడా గ్లాసులు పట్టుకుని వచ్చారు.

మిక్సీలో పట్టేటప్పుడు కారం, ధనియాలు పట్టిన గిన్నె వద్దు. వేరేది లేకపోతే గుప్పెడు బియ్యం పట్టి, పారేసి, పొడిగుడ్డతో తుడవండి. ఐదారు సెకన్లు తిప్పడం, ఆపడం, గిన్నె కదపడం. ఒకేసారి తిప్పితే వేడెక్కి వాసన అక్కడే పోతుంది. ఫిల్టర్‌కి బొంబాయి రవ్వ కంటే సన్నగా, మైదా కంటే ముతకగా ఉండాలి. ఒక పూటకు కావలసినంతే పట్టండి.

ప్రశ్న: ఇన్‌స్టంట్ కాఫీ సీసాలో రాయిలా గట్టిపడింది. తాగొచ్చా? – నరసాపురం

జవాబు: బూజు, చెడు వాసన లేకపోతే తాగొచ్చు. చెంచాతో పగలగొట్టి వేడినీళ్లలో కలపండి, కరుగుతుంది. మరుగుతున్న పాలగిన్నె మీద సీసా వంచి వేస్తారే, ఆ ఆవిరే దాన్ని రాయి చేసింది. పక్కకు తీసుకెళ్లి, తడి లేని చెంచాతో వెయ్యండి.

ప్రశ్న: పొద్దున్న మిగిలిన డికాక్షన్ సాయంత్రం వాడొచ్చా? పాతబడిన పొడి పారెయ్యాల్సిందేనా? – రావులపాలెం

జవాబు: డికాక్షన్ చల్లారాక చిన్న గ్లాసులో, మూత పెట్టి ఫ్రిజ్‌లో ఉంచితే సాయంత్రానికి ఫరవాలేదు. మర్నాడు పొద్దుటికి రుచి తగ్గుతుంది. ఎప్పుడైనా సరే డికాక్షన్‌ని స్టవ్ మీద పెట్టి మరిగించకండి, చేదెక్కుతుంది. పాలు బాగా కాచి అందులో కలపండి.

పాతబడిన పొడి తాగడానికి పనికిరాకపోయినా, బూజు లేకపోతే పారెయ్యక్కర్లేదు. చిన్న గిన్నెలో పోసి, మూత లేకుండా ఫ్రిజ్‌లో చేపలు పెట్టే అరలో ఉంచండి. వాసన లాగేస్తుంది. పది రోజులకోసారి మార్చి, పాతది పూలమొక్కల మట్టిలో కొద్దికొద్దిగా కలపండి.