మారనాత అంటే మరణం కాదు బ్రదర్

మీ పాస్టర్ గారు ప్రసంగం చివర్లో మారనాత అన్నారు, అది మరణానికి సంబంధించిన మాటా అని అడిగారు కదా, అస్సలు కాదండి, వినడానికి అలా ఉంటుంది అంతే. అది అరామిక్ అనే పాత భాషలోని మాట, 1 కొరింథీ 16:22లో ఉంది, మన తెలుగు బైబిల్లో దాన్ని "ప్రభువు వచ్చుచున్నాడు" అని అనువదించేశారు కాబట్టి ఆ మాట మనకి కనబడదు. మారన్ అతా అని విడదీస్తే మా ప్రభువు వచ్చాడు, మారనా తా అంటే మా ప్రభువా రా అని ప్రార్థన. నాకైతే రెండోదే సరైందనిపిస్తుంది, ప్రకటన 22:20లో "ప్రభువైన యేసూ, రమ్ము" అన్నదీ అదే కదా. 1 కొరింథీ 16:22లో దీనికి ముందు శాపం మాట ఉందని కొందరు దీన్నీ శాపం అనుకుంటారు, అది తప్పు. ప్రార్థన ముగించేటప్పుడు ధైర్యంగా అనొచ్చు.