వంటింట్లో లెక్కలు చెప్పబోయే చిన్నమ్మికి

అనంతపురం

చిరంజీవి చిన్నమ్మికి పెద్దమ్మ ఆశీస్సులు.

ఈ ఎండాకాలం సెలవుల్లో మీ వీధి పిల్లలను కూర్చోబెట్టుకుని లెక్కలు, సైన్సు చెప్పాలనుకుంటున్నావని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. ఎనిమిదో తరగతి వాళ్ళ నుంచి ఇంటర్ మొదటి సంవత్సరం వాళ్ళ దాకా వస్తారట. చిన్నవాళ్ళకు శాతాలంటే, పెద్దవాళ్ళకు వాయు నియమాలంటే టెన్షనట. వంటలు, కాగితపు పనులు చేయిస్తూ చెబితే ఎలా ఉంటుందని నన్ను అడగమన్నావట. చాలా బాగుంటుంది. బడిలో ఏళ్ళ తరబడి ఇవే పాఠాలు చెప్పినదాన్ని కాబట్టి నాకు తెలిసింది రాస్తున్నాను.

ఒక్క మాట ముందే చెబుతా. వంట చేయించినంత మాత్రాన లెక్క రాదు. పిల్లలు బెల్లం పట్టీలు తినేసి ఇంటికి పోతారు. అందుకని ఏ పని చేయిస్తున్నా మధ్యలో ఆపి ఒక ప్రశ్న వెయ్యి: "ఇక్కడ ఏది మారుతోంది? ఏది మారకుండా ఉంది?" శాతాలైనా, డబ్బా ఘనపరిమాణమైనా, బాయిల్ నియమమైనా ఈ ప్రశ్నకు జవాబు దొరికితే సగం లెక్క అయిపోయినట్టే. ఇంటర్ పిల్లలు సూత్రాలు బట్టీ పడతారు గానీ, ఏ సూత్రం ఎప్పుడు వాడాలో తెలియక తికమకపడేది ఇక్కడే.

చెనిక్కాయలతో మొదలుపెట్టు. మన జిల్లాలో అవి ఒలవని పిల్లలు ఉండరు కదా. కిలో కాయలు తూచి ఇచ్చి ఒలిపించు. మంచి కాయ అయితే దాదాపు 700 గ్రాముల విత్తనాలు వస్తాయి, మిగతాది పొట్టు. 70 శాతం అని అందరూ టక్కున చెబుతారు. అప్పుడు అడుగు: "పట్టీలకు సరిగ్గా కిలో విత్తనాలు కావాలి. ఎన్ని కాయలు తేవాలి?" చాలామంది 1300 గ్రాములంటారు. పొట్టుకు పోయే 30 శాతాన్ని పైన కలిపేస్తే చాలని వాళ్ళ ఆలోచన. తప్పని వెంటనే అనొద్దు. 1300కి 70 శాతం ఎంతో వాళ్ళచేతే కట్టించు. 910 వస్తుంది. ఇంకా 90 గ్రాములు కావాలి. అది ఎక్కడికి పోయిందని వాళ్ళలో వాళ్ళు వాదించుకోవడం మొదలుపెడతారు చూడు, ఆ పది నిమిషాలూ నువ్వేం మాట్లాడకు. తరువాత మన ప్రశ్న వెయ్యి. మారనిది కాయలకూ విత్తనాలకూ ఉన్న 10:7 నిష్పత్తి. 1000ని 7తో భాగించి 10తో హెచ్చవేస్తే దగ్గర దగ్గర 1429 గ్రాములు. పొట్టు 30 శాతం అన్నది కాయల బరువులో గానీ విత్తనాల బరువులో కాదని ఒకసారి చేత్తో ఒలిచి తూచినవాళ్ళు మరిచిపోరు.

ఒలిచిన విత్తనాలు ఊరికే పోవు. వేయించి, పొట్టు తీసి, వాటి బరువుకు సమానంగా బెల్లం వేసి పట్టీలు చేయించు. పాకం చుక్కను చన్నీళ్ళలో వేసి, గట్టిపడ్డాక తీసి పళ్ళెం మీద వేస్తే టంగుమనాలి. మెత్తగా సాగితే ఇంకా కాచాలి. ఇక్కడ గ్లాసు కొలత వద్దు, కాటానే వాడు. తురిమిన బెల్లం గ్లాసుకు పట్టే బరువు వేరు, దంచిన ముక్కలు పట్టే బరువు వేరు. కొలత పాత్ర ఒకటే అయినా బరువు మారుతుందని అక్కడే తెలిసిపోతుంది. పాకం మాత్రం నువ్వే దగ్గరుండి పొయ్యి మీంచి దించు. అది చర్మానికి అంటుకుంటే నీళ్ళకన్నా చాలా లోతుగా కాలుతుంది.

నిష్పత్తి ఎక్కడ నిలబడుతుందో చెప్పినట్టే ఎక్కడ నిలబడదో కూడా చెప్పాలమ్మా. అందుకు సంగటి మంచిది. ఒక గ్లాసు బియ్యానికి నాలుగు గ్లాసుల నీళ్ళు, గ్లాసున్నర రాగిపిండి అనుకో. పదింతలు చేయాలంటే పిండి పదిహేను గ్లాసులు సరే. నీళ్ళు నలభై పోస్తే సంగటి జారుగా వస్తుంది. ఎందుకంటే ఆవిరైపోయే నీళ్ళు బియ్యాన్ని బట్టి ఉండవు. గిన్నె మూతి వెడల్పును బట్టి, ఎంతసేపు ఉడికిందన్నదాన్ని బట్టి ఉంటాయి. బియ్యం పదింతలైతే గిన్నె మూతి పదింతలు కాదు. పెళ్ళిళ్ళలో వండేవాళ్ళకు ఇది చేతి అలవాటుగా తెలుసు. పిల్లలకు కారణంతో సహా తెలియాలి.

కాగితపు పని ఒక్కటి చేయిస్తే చాలు, కానీ తీరిగ్గా చేయించు. పాత క్యాలెండర్ అట్టలను 24 సెంటీమీటర్ల చదరాలుగా కత్తిరించి ఐదు జట్లకు ఇవ్వు. నాలుగు మూలల్లోనూ చిన్న చదరాలు కత్తిరించి, అంచులు పైకి మడిచి, మూత లేని డబ్బా చేయాలి. ఒక జట్టు మూలల్లో 2 సెంటీమీటర్లు కత్తిరిస్తుంది, ఇంకో జట్టు 3, అలా 6 దాకా. మూలలకు టేపు బాగా వేయించు, లేకపోతే తరువాత కారిపోతుంది. ఏ డబ్బా ఎక్కువ పడుతుందో ముందే ఊహించమను. కొందరు ఎత్తైనదంటారు, కొందరు వెడల్పైనదంటారు. ఇప్పుడు రాగులు పోసి కొలిపించు. బొరుగులు వద్దు, మధ్యలో సందులు మిగిలి లెక్క తేలదు. తరువాత కాగితం మీద కట్టమను. 2 సెంటీమీటర్ల డబ్బాకు 800 ఘన సెంటీమీటర్లు, 3కి 972, 4కి 1024, 5కి 980, 6కి 864. అట్ట అందరికీ ఒకటే, ఒక్క కత్తెర గాటు మారింది. ఎత్తు పెరిగే కొద్దీ అడుగు తగ్గిపోతోంది. రెండూ సమాధానపడేది 4 దగ్గర. ఇంటర్‌లో అవకలనం చదివేవాళ్ళు ఉంటే అదే జవాబు ఆ దారిలో రాబట్టమను. చల్లారిన పట్టీలను ఆ డబ్బాల్లోనే పెట్టి ఇంటికి పంపు.

ఇక వాయువులు. ఇక్కడ తొందరపడొద్దు.

మందుల షాపులో 20 మిల్లీలీటర్ల సూది లేని సిరంజి కొను. 20 దాకా గాలి లాగి, మూతి వేలితో గట్టిగా మూసి, 10 దాకా నొక్కమను. ఎంత బలం కావాలో చేతికి తెలుస్తుంది. లోపలున్న గాలి అంతే ఉంది, వేడి అంతే ఉంది, జాగా సగమైంది కాబట్టి పీడనం రెట్టింపైంది. 1662లో బాయిల్ చెప్పింది ఇదే. మామూలు గాలి పీడనమే చదరపు సెంటీమీటరుకు దాదాపు ఒక కిలో బరువు నొక్కినంత అని చెబితే పిల్లలు నమ్మరు. సిరంజి నొక్కిన బొటనవేలు నమ్మిస్తుంది. వేలు కాస్త సడలించి నొక్కమను, గాలి తప్పించుకుంటుంది, లెక్క చెడుతుంది. వాయువు మొత్తం మారకూడదు అన్న షరతు అప్పుడు వాళ్ళకు కంటికి కనిపిస్తుంది.

తరువాత కెల్విన్. "27 డిగ్రీలు 54 డిగ్రీలైతే వేడి రెట్టింపైనట్టేనా?" అని అడుగు. అవునంటారు. సెల్సియస్‌లో సున్నా అంటే నీళ్ళు గడ్డకట్టే చోటు మాత్రమే, వేడి బొత్తిగా లేదని కాదు. అసలు సున్నా అక్కడికి 273 డిగ్రీలు కింద ఉంది. అక్కడి నుంచి లెక్కపెట్టేదే కెల్విన్ కొలత. కాబట్టి 300 కాస్తా 327 అయింది, 9 శాతం పెరిగింది, అంతే. వాయువుల లెక్కల్లో పోయే మార్కుల్లో పెద్ద భాగం ఈ 273 కలపక పోయేవే. చార్లెస్ గురించి చెప్పేటప్పుడు ఆయన 1783లో ప్యారిస్‌లో హైడ్రోజన్ బెలూన్ ఎక్కి ఎగిరాడని తప్పకుండా చెప్పు. పిల్లలు పేరు గుర్తుపెట్టుకుంటారు. పీడనం, వాయువు మొత్తం మారకపోతే కెల్విన్ ఉష్ణోగ్రత ఎన్ని రెట్లైతే వాయువుకు కావాల్సిన జాగా కూడా అన్ని రెట్లవుతుందన్నది ఆయన గమనించిన నియమం. దాన్ని 1802లో అచ్చులోకి తెచ్చింది గే-లుసాక్.

ఇప్పుడు పెనం పెట్టు. జొన్నరొట్టె ఎందుకు పొంగుతుంది? "లోపలి గాలి వేడెక్కి వ్యాకోచిస్తుంది, చార్లెస్ నియమం" అని ఇంటర్ పిల్లలు గబగబా చెప్పేస్తారు. చాలా గైడ్లలో కూడా ఇంతే ఉంటుంది. సరే, లెక్క కట్టమను. 27 డిగ్రీల గాలి 100 డిగ్రీలకు పోతే 300 నుంచి 373 కెల్విన్. భాగిస్తే 1.24. అంటే గాలి పావు వంతు కూడా పెరగలేదు. పలచగా తట్టిన రొట్టె అంత లావున పొంగడానికి ఇది ఎక్కడ సరిపోతుంది? అసలు పని చేసేది పిండిలో కలిపిన నీళ్ళు. ఒక్క గ్రాము నీళ్ళు, అంటే ఓ ఇరవై చుక్కలు, ఆవిరైతే ఎంత జాగా కావాలో ఆదర్శ వాయు సమీకరణంతో కట్టించు. 1 గ్రామును నీటి అణుభారం 18తో భాగించి, వాయు స్థిరాంకం 0.0821తో, 373 కెల్విన్‌తో హెచ్చవేస్తే, మామూలు గాలి పీడనం దగ్గర 1.7 లీటర్లు! ఒక మిల్లీలీటరు నీరు 1700 మిల్లీలీటర్ల ఆవిరి అవుతుంది. రొట్టెను తిప్పేసి గుడ్డతో అంచులు అదుముతున్నప్పుడు ఆ ఆవిరి రెండు పొరల మధ్య పరుగెత్తడం పిల్లలను దగ్గరగా చూడనివ్వు. ఎక్కడైనా చిన్న చిల్లు పడితే సుయ్‌మని ఆవిరి పోయి రొట్టె పడిపోతుంది. ఇక్కడ ఉష్ణోగ్రతతో పాటు వాయువు మొత్తం కూడా మారింది. చార్లెస్ నియమంలో అది మారకూడదు కదా. కాబట్టి నియమం తప్పు కాదు, ఈ చోటుకు అది ఒక్కటీ చాలదు.

ఇదే బుద్ధితో కుక్కర్ దగ్గరకు రండి. గాలి మాత్రమే ఉన్న మూసిన డబ్బాను 27 నుంచి 120 డిగ్రీలకు వేడి చేస్తే 393ని 300తో భాగించినంత, అంటే 1.31 రెట్ల పీడనం వస్తుంది. కానీ విజిల్ వచ్చే వేళకు కుక్కర్ లోపల మామూలు గాలి పీడనానికి దాదాపు రెట్టింపు ఉంటుంది. ఆ మిగతాది ఎక్కడిది? అదీ నీటి ఆవిరిదే. పీడనం పెరిగితే నీళ్ళు 100 దగ్గర మరగవు, 120 దాకా వేడెక్కుతాయి. కందిపప్పు తొందరగా ఉడికేది అందుకే. మరి విజిల్ ఏం చేస్తోంది? ఎక్కువైన ఆవిరిని బయటకు వదిలి పీడనం మారకుండా కాపాడుతోంది. మన ప్రశ్నకు ఇంత చక్కటి జవాబు ఇంకే పాత్రా ఇవ్వదు. పొయ్యి ఆపిన వెంటనే మూత ఎందుకు తీయకూడదో కూడా అప్పుడే చెప్పు. లోపలి నీళ్ళు ఇంకా 100 కన్నా ఎక్కువ వేడిగా ఉంటాయి. పీడనం ఒక్కసారిగా పడిపోతే అవి ఒక్కసారిగా మరిగి పైకి చిమ్ముతాయి.

జొన్న పేలాల సంగతి కూడా ఇలాంటిదే. గింజ పైపొర గట్టిగా ఉన్నంతసేపు లోపలి జాగా మారదు, ఆవిరి ఒత్తిడి పెరిగి పెరిగి పొర పగులుతుంది. పొర చిట్లిన పాత గింజ పేలదు. రెండు రకాలూ పెనం మీద వేసి చూపించు.

బండి నడిపే పిల్లలకు టైరు లెక్క ఇవ్వు. పొద్దున 27 డిగ్రీలప్పుడు గేజి 30 పౌండ్లు చూపింది. మధ్యాహ్నం ఎండలో నిలిపిన బండి టైరులో గాలి 57 డిగ్రీలకు చేరింది. గేజి ఎంత చూపుతుంది? 330ని 300తో భాగిస్తే 1.1 కాబట్టి 33 అంటారు. గేజి చూపేది బయటి గాలి కన్నా ఎంత ఎక్కువ ఉందన్నది మాత్రమే. బయటి గాలిది దాదాపు 15 కలిపితే 45. దాన్ని 1.1తో హెచ్చవేస్తే 49.5. మళ్ళీ 15 తీసేస్తే 34.5. సెల్సియస్‌కు 273 కలిపినట్టే గేజికి బయటి గాలి కలపాలి. ఈ రెండూ పక్కపక్కన పెట్టి చెప్పు, బాగా పట్టుబడుతుంది.

పొయ్యి దగ్గర ఒకేసారి ముగ్గురికి మించి నిలబడనివ్వొద్దు. ఓణీలు, చున్నీలు నడుముకు కట్టించు. మగపిల్లలు రొట్టె తట్టడానికి సిగ్గుపడితే ముందు వాళ్ళనే పిలువు. ఆడపిల్లలకు వంట వచ్చు కదా అని అంట్లు వాళ్ళ మీదే పడేయకు, అందరిచేతా తోమించు. జవాబు తప్పు చెప్పిన పిల్ల మీద ఇంకో పిల్లను నవ్వనివ్వకు. ఆ ఒక్క నవ్వుతో రేపటి నుంచి నోరు విప్పదు.

చివరి రోజుకు గ్యాస్ సిలిండర్ లెక్క ఉంచుకో. గ్యాస్ సగం అయిపోతే లోపలి పీడనం సగమవుతుందా అని అడుగు. బాయిల్‌ను తలుచుకుని అవునంటారు. లోపల ఉన్నది ద్రవం. వాడే కొద్దీ అది ఆవిరై ఖాళీని నింపుతుంది కాబట్టి, ద్రవం ఉన్నంతకాలం, ఉష్ణోగ్రత మారనంతకాలం, పీడనం ఇంచుమించు అంతే ఉంటుంది. మంట చూసి ఎంత మిగిలిందో చెప్పలేం. తూచాల్సిందే. రెగ్యులేటర్ తీసి పెద్దవాళ్ళే కాటా మీద పెట్టండి. ఖాళీ సిలిండర్ బరువు దాని మీదే రాసి ఉంటుంది. అది 15.5 కిలోలై, కాటా 21.3 చూపితే మిగిలింది 5.8. నిండు సిలిండర్‌లో 14.2 కిలోలు. అది మీ ఇంట్లో నలభై రోజులు వస్తే రోజుకు 355 గ్రాములు. కాబట్టి ఇంకా పదహారు రోజులు వస్తుంది. కానీ పండక్కి ఓళిగలు చేసే వారం రోజుకు 355 నిలబడదు. ఆ ముందురోజు, మరుసటిరోజు తూకం వేసి తేడా ఎంతో పిల్లల చేతే రాయించి నాకు పంపు.

ఇట్లు
మీ పెద్దమ్మ