తాళాల తంటాలు: ప్రశ్నలు, జవాబులు

ప్రశ్న: తలుపుకు డిజిటల్ లాక్ పెట్టించాం. వేసవిలో బాగానే పనిచేసింది. వానలు మొదలయ్యాక బ్యాటరీలు నెలకే అయిపోతున్నాయి. ఒక్కోసారి బీప్ అంటుంది గానీ గడియ కదలదు. లాక్ మార్చాలా? (కాకినాడ పాఠకురాలు)

జవాబు: లాక్ జోలికి అప్పుడే వెళ్లకండి. తలుపు తెరిచి ఉంచి కోడ్ కొట్టండి. అప్పుడు గడియ సాఫీగా ఆడి, మూసినప్పుడే మొరాయిస్తే తప్పు తలుపుది. చెక్క తేమకు ఉబ్బుతుంది. పై బందు స్క్రూలు వదులైతే తలుపు వాలుతుంది కూడా. గడియ వెళ్లి గుమ్మంలోని రేకు అంచుకు రాసుకుంటుంది. చేత్తో తిప్పే తాళమైతే తలుపును కాస్త నెట్టి తిప్పేస్తాం. చిన్న మోటారుకు ఆ ఉపాయం తెలీదు, బలవంతంగా తోస్తూ బ్యాటరీలు తాగేస్తుంది.

గడియ కొసకు కాటుక రాసి, తలుపు మూసి లాక్ చేయండి. రేకు మీద మరక పడిన చోటే రాపిడి. ముందు పై బందు స్క్రూలు బిగించండి, పట్టు లేకపోతే పొడవాటివి వేయించండి. అప్పటికీ తగిలితే రేకు రంధ్రాన్ని ఆ వైపు ఒకటి రెండు మిల్లీమీటర్లు ఆకురాయితో అరగదీయిస్తే చాలు. వానల్లో తలుపుకు చిత్రిక పట్టించకండి, వేసవిలో సందు తేలుతుంది.

బ్యాటరీలు అన్నీ ఒకేసారి మార్చాలి, 1.5 వోల్టుల ఆల్కలైన్‌వే వేయాలి. రీచార్జబుల్‌వి సాధారణంగా 1.2 వోల్టులే కాబట్టి బ్యాటరీ అయిపోతోందన్న హెచ్చరిక సరిగా రాదు. పూర్తిగా అయిపోతే, చాలా మోడళ్లలో బయట కింది అంచున రెండు లోహపు చుక్కలుంటాయి. 9 వోల్టుల బ్యాటరీని వాటికి ఆనించి పట్టుకునే కోడ్ కొట్టాలి. అత్యవసర తాళంచెవిని మాత్రం ఇంట్లో బీరువాలో దాచుకోకండి!

ప్రశ్న: గుంటలున్న తాళంచెవి ఒకటి పోయింది. మా వీధిలో ఆయన డూప్లికేట్ చేయలేనన్నాడు. (వరంగల్ పాఠకుడు)

జవాబు: ఆయనకు పని రాక కాదు. మామూలు తాళంచెవి పళ్లను ఆకురాయితో అరగదీయొచ్చు, గుంటల లోతు కుదరాలంటే యంత్రం కావాలి. ఆ యంత్రం ఖర్చే చిన్న దుకాణాలకు ఇప్పుడు పెద్ద భారం. అయినా తాళంచెవి పోయిందంటే డూప్లికేట్ కన్నా సిలిండర్ (తాళంచెవి దూరే భాగం) మార్చడమే మేలు, లాక్ మొత్తం అక్కర్లేదు. తలుపు పక్క అంచున, సిలిండర్‌కు సూటిగా ఉన్న పొడవాటి స్క్రూ ఒక్కటే తీయండి. ఉన్న తాళంచెవి పెట్టి కొద్దిగా తిప్పుతూ లాగితే ఊడి వస్తుంది. స్క్రూ రంధ్రం మధ్య నుంచి రెండు కొసలకూ విడివిడిగా కొలిచి, అదే కొలత కొనండి. బయటికి రెండు మూడు మిల్లీమీటర్లు మించి పొడుచుకొస్తే దొంగ పట్టకారుకు పట్టు దొరుకుతుంది.

ప్రశ్న: తాళంలో కొబ్బరినూనె పోయవచ్చా? (తెనాలి పాఠకురాలు)

జవాబు: వద్దు. దుమ్ముతో కలిసి జిగురవుతుంది. గ్రాఫైట్ పొడి చిటికెడు చాలు.