గొర్రె మెడలో గంట

చిరంజీవికి ఆశీస్సులు.

నీ కథ అందింది. రెండుసార్లు చదివాను, మొదటిసారి హాయిగా, రెండోసారి పెన్సిల్ పట్టుకుని. కాపరి ఒక్క రోజు కొండ మీద ఉండి దిగేసరికి కింద ఏడాది గడిచిపోవడం సరే, అది చాలామంది రాశారు. బొచ్చు కత్తిరించేవాడు మందని చూసి "ఏడాదయింది కదా, బొచ్చేది?" అంటాడు చూడు, అక్కడ నీ కొండ నాకు కళ్ళకి కట్టింది.

ఆ తర్వాత గడ్డం పెద్దాయన వచ్చి నాలుగు పేజీలు మాట్లాడాడు. కాలం అంటే ఏమిటో, ఆ కొండల్లో ఎందుకు మెల్లగా నడుస్తుందో, అంతా విడమరిచి చెప్పాడు. ఆయన్ని తీసెయ్. మొహమాటపడకు.

మన పురాణాల్లోనే ఇలాంటి కథలు రెండున్నాయి. రైవతుడనే రాజు కూతురికి వరుణ్ణి అడుగుదామని బ్రహ్మలోకం వెళ్ళాడు. అక్కడ పాట నడుస్తోంది, కాసేపు ఆగాడు. ఆ కాసేపట్లో కింద ఇరవై ఏడు మహాయుగాలు పోయాయి. ఆ సంగతి ఆయనకి బ్రహ్మ చెప్పాల్సి వచ్చింది. ముచుకుందుడనే ఇంకో రాజుకి ఎవరూ లెక్క చెప్పలేదు. కొండగుహలో యుగాలపాటు నిద్రపోయి, లేచి బయటికొచ్చి చూస్తే మనుషులు, జంతువులు, చెట్లు అన్నీ పొట్టిగా కనిపించాయి. ఓహో, కలి వచ్చేసిందన్నమాట అనుకుని ఉత్తరం వైపు వెళ్ళిపోయాడు. నా ఓటు ముచుకుందుడికే. నీ బొచ్చు కత్తిరించేవాడు ఆ కోవలోవాడు, గడ్డం పెద్దాయన బ్రహ్మగారి కోవ.

ఇక లెక్క సంగతి. తొలి రోజుల్లో నేనూ ఇలాంటి లోయ ఒకటి రాశాను. మూడో అధ్యాయంలో అక్కడ ఒక రోజంటే బయట నెల. పదకొండో అధ్యాయానికి ఆ నెల కాస్తా వారమైంది, నేను గమనించనే లేదు. ఒక పాఠకుడు పోస్టుకార్డు రాశాడు. పైన నమస్కారం, కింద సెలవు, మధ్యలో ఉత్త కూడికలు, తీసివేతలు. వారం రోజులు ఎవరికీ మొహం చూపించలేకపోయాను. నీ కథలో అంకె మారలేదు, సంతోషం. కానీ ఆ అంకె ఏమేం చేస్తుందో నువ్వు చూసుకోలేదు.

తమ్ముడు కొండ కింద కూర్చుని అన్న మంద గంటలు వింటూ ఏడాదంతా గడిపాడని రాశావు. వాక్యం అందంగానే ఉంది. కానీ అతనికి ఆ గంట వినబడదు. గొర్రె మెడలో గంట సెకనుకి రెండు వేలసార్లు కంపిస్తుందనుకుందాం. పైన ఒక రోజు కింద ఏడాది అయినప్పుడు కిందున్నవాడి సెకనులో ఆ కంపనాలు ఐదారే చేరతాయి. సెకనుకి దాదాపు ఇరవైకి తగ్గితే మనిషి చెవికి అందదు. బ్యాటరీ అయిపోయిన టేప్ రికార్డర్‌లో పాట సాగుతూ సాగుతూ ఆగిపోతుంది చూడు, అలాగన్నమాట. పైన ఉన్నవాడి అవస్థ వేరు. కింద నుంచి తమ్ముడు ఎంత అరిచినా ఆ అరుపు మన చెవి దాటి, గబ్బిలాల చెవులకి వదిలేయాల్సినంత సన్నగా పోతుంది. అంటే నీ కొండకీ ఊరికీ మధ్య నిశ్శబ్దం తప్ప ఏమీ ఉండదు. నువ్వు ఆ నిశ్శబ్దాన్ని వదిలేసి గంటలు మోగించావు! (ఇదే లెక్క వెలుగుకి కూడా వేస్తే అసలు కొండే కంటికి కనబడకుండా పోతుంది. వెలుగు జోలికి పోకు. అన్ని లెక్కలూ తీరిస్తే కథ మిగలదు.)

నిజం కొండల్లో కాలం నడిచే తీరు నీ కథకి ఉల్టా, తెలుసా? ఎత్తుకి పోయేకొద్దీ భూమి ఆకర్షణ పట్టు సడలి కాలం రవ్వంత త్వరగా నడుస్తుంది. ఎవరెస్టు కొసన పెట్టిన గడియారం సముద్ర మట్టం దగ్గరున్నదాని కంటే ఏడాదికి, సెకనుని పది లక్షల వంతులు చేస్తే అందులో ఓ ముప్పై వంతులు ముందుంటుంది. 2010లో అమెరికా శాస్త్రవేత్తలు ఒక గడియారాన్ని అడుగెత్తు పైకి లేపి, ఆ తేడా కూడా పట్టుకున్నారు. నువ్వు ఉల్టా రాసినందుకు తప్పు పట్టడం లేదు. కాకపోతే తెలిసి ఉల్టా రాసినవాడి చెయ్యి వణకదు.

ఊళ్ళో డబ్బు వడ్డీకి తిప్పి, ఒక్క రోజులో ఏడాది వడ్డీ రావాలని కొండెక్కి కూర్చునేవాళ్ళు ఒక్కరూ లేరేమిటి నీ కథలో? ఒక్కణ్ణయినా పెట్టు.

నేనైతే అంకె మార్చేస్తాను. ఒకటికి నాలుగు చాలు. అప్పుడు గంట కిందికి రెండు స్థాయిలు దిగి, బరువుగా, గుడి గంటలా వినబడుతుంది. తమ్ముడు వినొచ్చు, నీ వాక్యం బతుకుతుంది. కాపరి ఒక్క రోజు కాకుండా మేత కాలం మూడు నెలలూ పైనే ఉంటాడు, దిగేసరికి కింద ఏడాది. గొర్రెలకి మూడు నెలల బొచ్చే ఉంటుంది, కత్తిరించేవాడి మాట కూడా పోదు. ఎక్కి దిగిన ప్రతిసారీ తమ్ముడు తొమ్మిది నెలలు దగ్గరికొస్తాడు. నీ కథలో ఇద్దరికీ మూడేళ్ళ తేడా కదా? నాలుగోసారికి సరిసమానమైపోతారు.

ఐదోసారి మంద దిగొచ్చిన సాయంత్రం రాసి పంపు. చూరు కింద ఒకడు నిలబడి ఉంటాడు, రెండోవాడు గొర్రెల్ని అదిలించుకుంటూ వస్తాడు. ఇద్దర్లో "అన్నా" అని ఎవరు ముందు పిలుస్తారో నాకు చూడాలనుంది.

ఉంటాను.