మూడున్నరకే ఇంటికి వచ్చేసే పాప

ప్రశ్న: అమ్మా, మాది గాజువాక. పాపకు మూడేళ్లు నిండాయి. నాకు బట్టల కంపెనీలో కుట్టుపని దొరికింది, పొద్దున ఎనిమిది నుంచి సాయంత్రం ఐదున్నర దాకా. మా ఆయన ఆటో నడుపుతారు. ప్లేస్కూల్లో ఏడాదికి 28 వేలు అడుగుతున్నారు. అంగన్‌వాడీలో గుడ్డు పెడతారే గానీ చదువెక్కడిది అంటారు మా అత్తగారు. ఆవిడకు మోకాళ్ల నొప్పులు, రోజంతా పిల్ల వెనక తిరగలేరు. మా కేంద్రంలో మూడున్నరకే పంపించేస్తారు. ఉద్యోగం వదిలేయనా? చాలా టెన్షన్‌గా ఉంది.
- ఒక పాఠకురాలు

జవాబు: వదిలేయకు తల్లీ. ఈ ఊళ్లోనే 27 ఏళ్లు అంగన్‌వాడీ సూపర్‌వైజరుగా తిరిగాను. బిడ్డ కోసమని పని మానేసినవాళ్లు మళ్లీ పనిలో చేరడానికి ఎంత అవస్థ పడ్డారో కళ్లారా చూశాను.

మీ అత్తగారి మాటకు వస్తాను. ఓసారి కంచరపాలెంలో ఒక కేంద్రానికి వెళ్లాను. టీచరు ఐదు చింతపిక్కలు నేలమీద పెట్టి, రెండింటి మీద కొబ్బరిచిప్ప బోర్లించి, ఎన్ని దాక్కున్నాయిరా అంది. నాలుగేళ్ల బాబు బయటున్న మూడింటినీ వేలితో తాకి, కాసేపు చిప్పకేసి చూసి, రెండు అన్నాడు. తీసివేత అంటే అదేనమ్మా! ఆ వయసులో కాపీ పుస్తకంలో ఏబీసీడీలు దిద్దించి ప్రయోజనం లేదు. 2020 జాతీయ విద్యా విధానం కూడా మూడు నుంచి ఎనిమిదేళ్ల దాకా ఒకే పునాది దశ అంది, ఆటపాటలతో నేర్పమంది. అయితే అన్ని కేంద్రాలూ ఒకలా ఉండవు. పిల్లల్ని చాపమీద ఊరికే కూర్చోబెడుతుంటే వేరేది చూసుకో.

అసలు చిక్కు వేళలది. నాకు బాధా కోపమూ అక్కడే. తల్లి ఇంటిపట్టునే ఉంటుందనుకుని పెట్టినట్టుంటాయి ఆ వేళలు. ఆడవాళ్లకు ఉపాధి అని ఒక శాఖ, పిల్లలకు చదువు అని ఇంకో శాఖ చెబుతాయి. మధ్యలో ఆ రెండు గంటలు ఎవరికీ పట్టవు.

నీకు చట్టం తోడుంది. ప్రసూతి ప్రయోజనాల చట్టానికి 2017లో తెచ్చిన సవరణే ఇప్పుడు సామాజిక భద్రతా కోడ్‌లోకి వచ్చింది, దాని ప్రకారం 50 మంది, అంతకు మించి పనిచేసే చోట క్రెచ్, అంటే తల్లులు పనిలో ఉన్నంతసేపు పిల్లల్ని చూసుకునే చోటు, ఉండాలి. ఆడవాళ్లే 50 మంది కానక్కర్లేదు, మొత్తం ఉద్యోగుల లెక్క. తల్లిని రోజుకు నాలుగుసార్లు బిడ్డ దగ్గరికి వెళ్లనివ్వాలి. ఒక్కదానివే అడగకు, పిల్లలున్న మరో నలుగురిని కలుపుకుని కాగితం మీద రాసివ్వండి. కేంద్ర ప్రభుత్వ పాల్నా పథకం కింద క్రెచ్‌తో కలిసిన అంగన్‌వాడీలున్నాయి, ఆరు నెలల నుంచి ఆరేళ్ల పిల్లలకు. దగ్గర్లో ఉందేమో మీ అంగన్‌వాడీ సూపర్‌వైజరును అడుగు.

ఆ 28 వేలు దాచుకో. పిల్లల్ని బడికి పంపే తల్లులకు రాష్ట్ర ప్రభుత్వం ఇచ్చే తల్లికి వందనం డబ్బు ఒకటో తరగతి నుంచే వస్తుంది. విద్యాహక్కు చట్టం కింద ప్రైవేటు బడుల్లో 25 శాతం సీట్లు బలహీన వర్గాల పిల్లలకు ఉచితం, ఒకటో తరగతికి వచ్చాక దానికీ దరఖాస్తు పెట్టు. పాప జనన ధ్రువపత్రంలో, ఆధార్‌లో పేరు ఒకేలా ఉందో లేదో ఇప్పుడే సరిచూసుకో.

క్రెచ్ దొరికేదాకా సాయంత్రం ఆ రెండు గంటలూ అత్తగారిని చూడమను. ముందు ఆవిడనే ఒక పూట కేంద్రంలో కూర్చోబెట్టు, టీచరు ఏం చెబుతుందో ఆవిడే వచ్చి చెబుతారు.